రికార్డింగ్ ఆఫ్ చేశాక దొరికిన ఫైలు

దయ్యం కథ ఎవరు మొదలుపెట్టినా నేను అడిగే మొదటి ప్రశ్న ఒకటే: అప్పుడు కరెంటు ఉందా? రెండోది: నువ్వే చూశావా, లేక నీ దోస్తుకు తెలిసినవాడు చూశాడా? ఈ రెండు ప్రశ్నలకు నిలబడిన కథ నాకింకా ఎదురుపడలేదు. ఇలాంటి కథలు చెప్పేవాళ్లు మూడు రకాలు: భయపడ్డవాళ్లు, భయపెట్టాలనుకునేవాళ్లు, చెప్పడానికి వేరే సంగతి దొరకనివాళ్లు. ముగ్గురి మీదా నాకు గౌరవం లేదు. నేను ఏ రకంలోకి వస్తానో తెలియకుండానే ఇది రాస్తున్నాను.

నేను ఎలక్ట్రానిక్స్ చదివాను. మహబూబ్‌నగర్‌లో కంప్యూటర్ల మెయింటెనెన్స్ పని చేస్తాను. మా అవ్వ, అంటే మా అమ్మను కన్నతల్లి, మక్తల్‌లో మా మామ ఇంట్లో పోయింది. రోగం లేదు, నొప్పి లేదు, వయసు మీద పడి పోయింది. అక్కడిదాకా ఏ వింతా లేదు.

మా దిక్కు మనిషి పోయిన మూడోనాడు పిట్టకు పెడతారు. పోయినవాళ్లకు ఇష్టమైనవన్నీ వండి, విస్తరాకులో వడ్డించి, పూడ్చిపెట్టిన బొంద మీద పెట్టి దూరంగా నిలబడతారు. కాకి వచ్చి ముడితే పోయినవాళ్లకు తృప్తి కలిగినట్టు. ముట్టకపోతే ఏదో కోరిక మిగిలినట్టు. అప్పుడు బంధువులు ఒక్కొక్కరే ముందుకొచ్చి, ఆ కోరిక ఏమై ఉంటుందో ఊహించి, తీరుస్తామని గట్టిగా మాటిస్తారు. ఊహ సరైనదైతే కాకి దిగుతుందట.

అవ్వకు పెట్టిన విస్తరిని కాకి ముట్టలేదు. తుమ్మచెట్టు నిండా కాకులే, కానీ కింద ఊరంత గుంపు మూగి అరుస్తుంటే ఏది దిగుతుంది? ఆ మాటే అన్నాను. మా అమ్మ చూసిన చూపుకు మళ్లీ నోరెత్తలేదు.

ఇక మాటలివ్వడం మొదలైంది. ఒకాయన అవ్వ పేరున బోరు వేయిస్తానన్నాడు, తన పొలంలోనే. ఇంకొకడు ఇంటి మీద అంతస్తు వేస్తానన్నాడు. అవ్వ మేడ మెట్లెక్కి ఎన్నేళ్లయిందో వాడికి గుర్తులేదు. ఎవరికి కావలసింది వాళ్లు అవ్వ కోరికగా చెప్పుకున్నారు. మామ గుట్కా మానేస్తానన్నాడు. అందరిలోకీ నిజాయితీ ఉన్న మాట అదే. అదీ సాయంత్రం దాకానే నిలబడింది.

దినాల నాడు కూడా కాకి ముట్టలేదు. ఊళ్లో మాట పుట్టింది: కొడుకు సరిగ్గా తిండి పెట్టలేదు, అందుకే ముసలామె అలిగింది. అవ్వకు రోజూ తన చేత్తో అన్నం కలిపి పెట్టిన మనిషి మామ. ఆ మాట చెవిన పడ్డాక విత్తనాల దుకాణం తెరవడం మానేశాడు. ముందర గదిలో గోడ వైపు తిరిగి పడుకునేవాడు. పళ్లెం ముందు కూర్చుని రెండు ముద్దలకే లేచిపోయేవాడు. ఒక పక్షి ఆకలికి ఒక మనిషి పరువును ముడిపెట్టిన తెలివికి నేను చేతులెత్తి దండం పెట్టాను.

అప్పుడు ఫోన్ చేశాడు మామ కొడుకు సందీప్. వాడు డిప్లొమా చదువుతున్నాడు, చదువు కంటే ఎక్కువ తుపాకుల ఆటలు ఆడుతున్నాడు.

"బావా, కంప్యూటర్ల అవ్వ ఉన్నది."

"ర్యామ్ ఎంతుందిరా? అవ్వకు సరిపోతదా?"

"ఎక్కిరియ్యకు. ఆట షురూ జెయ్యంగనే ఆగి ఆగి పోతాంది. అవ్వ మంచం ఈ పక్కనే ఉండె గద. మా అమ్మ నిమ్మకాయ గూడ గట్టింది."

"దేనికి?"

"డబ్బాకే."

వెళ్లి చూశాను. నిజంగానే కట్టింది, అదీ సరిగ్గా వేడి గాలి బయటికి పోయే జాలీ మీద. ముందు నిమ్మకాయ తీసేశాను. కొంత దయ్యం అక్కడే వదిలింది.

మిగతా దయ్యం సెట్టింగ్స్‌లో దొరికింది. గేమింగ్ కంప్యూటర్లలో ఒక సదుపాయం ఉంటుంది. మనం ఆడుతున్నంతసేపూ వెనకాల రికార్డ్ చేస్తూనే ఉంటుంది. బాగా ఆడామనిపిస్తే మీట నొక్కి, అప్పటిదాకా గడిచిన చివరి నిమిషాలను ఫైలుగా దాచుకోవచ్చు. వాడు దాన్ని ఎప్పుడో వేసి మరిచాడు. మీట నొక్కడం మాత్రం మానలేదు, డిస్కు నిండిపోయింది. అందుకే ఆట ఆగి ఆగి పోతోంది. పాత ఫైళ్లలో అవ్వ గొంతు కూడా ఉంది. తుపాకుల మోత మధ్యలో "ఇంక తినవార బువ్వ" అంటుంది. హెడ్‌సెట్ మైకు పక్క మంచం మీది మాటలను కూడా పట్టేసింది.

"ఇదీ మీ దయ్యం," అన్నాను అత్తతో. అత్త నిమ్మకాయను మాత్రం దేవుడి గూట్లో భద్రంగా పెట్టింది.

నేను చేసినవి వరుసగా చెబుతాను, ఎందుకంటే తర్వాతి సంగతి వీటి మీదే ఆధారపడి ఉంది. వెనకాల రికార్డింగ్ ఆఫ్ చేశాను. గ్రాఫిక్స్ కార్డు సాఫ్ట్‌వేర్‌లో ఇలాంటిదే ఇంకొకటి ఉంటుంది, అదీ ఆఫ్ చేశాను. పాత ఫైళ్లన్నీ నా హార్డ్ డిస్కులోకి మార్చి ఫోల్డర్ ఖాళీ చేశాను. మెషీన్ ఆపి మళ్లీ వేశాను. ఆట తెరిచి మీట నొక్కితే ఏ ఫైలూ తయారు కాలేదు. హెడ్‌సెట్ తీగ వదులైందని దాన్ని కూడా పీకేశాను. ఆ మెషీన్‌కు వేరే మైకు లేదు.

మర్నాడు పొద్దున ఆటకు అప్‌డేట్ వచ్చింది. అందులో కొత్త మ్యాప్ ఉంది, ఇసుక దీవి. మధ్యాహ్నం సందీప్ ఆ దీవి మీద ఆడుతున్నాడు. నేను పక్కనే కూర్చుని హెడ్‌సెట్ విప్పుతున్నాను. మైకు నా ఒళ్లో ముక్కలుగా ఉంది. మామ ముందర గదిలో పడుకున్నాడు. అత్త ఇంట్లో లేదు. ఎవరూ ఒక్క మాట మాట్లాడలేదు.

ఆట అయ్యాక సందీప్ అడిగాడు. "బావా, ఫోల్డర్ ఖాళీ జేసిన అన్నవ్ గద?"

ఒక ఫైలు ఉంది. అప్పుడే తయారైంది.

తెరిచాం. ఇసుక దీవి, సందీప్ తుపాకి, వాడు ఇందాక దాక్కున్న గోడ. ఆ చప్పుళ్ల మధ్యలో, పక్క మంచం మీంచి అన్నంత దగ్గరగా, అవ్వ గొంతు:

"ఖాజాబీకి చెప్పిండ్రా?"

అంతే. మళ్లీ తుపాకులు.

మామ గుమ్మంలోకి వచ్చి నిలబడ్డాడు. "మా అమ్మ గొంతు గది," అన్నాడు.

పాత రికార్డింగ్ అని చెప్పాను. చెబుతుండగానే నా కళ్ల ముందు తెర మీద, అవ్వ బతికుండగా లేని దీవి కనబడుతోంది.

ఖాజాబీ ఎవరో చెప్పాలి. మామ వాళ్ల పక్కిల్లు ఆమెది. ఏళ్ల తరబడి మధ్యాహ్నం వేళ ఇద్దరూ అరుగు మీద కూర్చుని తమలపాకులు నమిలేవాళ్లు. ఇల్లు కూలిపోయే స్థితికి వస్తే నారాయణపేటలో కూతురి దగ్గరికి వెళ్లిపోయింది. అత్త రాగానే మామ అడిగాడు.

"ఖాజాబీకి ఎవరు చెప్పిండ్రు?"

"నువ్వు చెప్పినవనుకున్న."

"నేను స్టేటస్ పెట్టిన. అందరు చూసిండ్రు గద."

"ఆమెది బటన్ ఫోనయ్యె," అంది అత్త.

ఇదీ మా వాళ్ల సంగతి. అవ్వ ఫొటోకు పూలదండ అంటించి, దీపం బొమ్మ పెట్టి, ఎవరెవరు చూశారో లెక్క చూసుకుని చావు కబురు చెప్పేశామనుకున్నారు. దుబాయిలో ఉన్నవాడు కూడా చేతులు జోడించిన బొమ్మ పంపాడు. రోజూ పక్కన కూర్చున్న మనిషికి మాత్రం ఎవరూ చెప్పలేదు. బొంద దగ్గర అన్ని మాటలిచ్చారు కదా, ఆ పేరు ఒక్కరి నోట్లోంచి కూడా రాలేదు.

మామ ఆ సాయంత్రమే నారాయణపేట బస్సెక్కాడు.

నెల మాసికం నాడు ఖాజాబీ వచ్చింది. మనవడి చేయి పట్టుకుని మెల్లగా నడిచి బొంద దగ్గరికి చేరి, మామను నిలబెట్టి కడిగేసింది.

"ఫోన్ల బొమ్మ పెట్టి నాకు చెప్పినమంటవార? ఇన్నేండ్లు నీ తల్లితోని ఆకు నమిలిందెవరు, నీ ఫోనా?"

"తప్పయింది చిన్నమ్మా," అన్నాడు మామ.

ఆమె కొంగులోంచి తమలపాకు తీసి, సున్నం రాసి, వక్క పెట్టి మడిచి విస్తరి పక్కన పెట్టింది. "నాకు తెలిసింది తియ్యి. ఇంక తిను," అంది బొందతో.

ఆమె ఇంకా నాలుగడుగులు వెనక్కి రాకముందే కాకి దిగింది. మామ నేల మీద కూలబడి ఏడ్చాడు. ఇంటికొచ్చాక కడుపునిండా తిన్నాడు. మరుసటి పొద్దున దుకాణం తెరిచాడు.

కాకి గురించి నాకు పేచీ లేదు. ఆ రోజు జనం తక్కువ, అరుపులు లేవు, కాకికి ఆకలైంది. అంతే. కాకిని చూసి చెంపలేసుకున్న బంధువులంటే నాకు ఇప్పటికీ చిరాకే.

ఫైలు సంగతే తేలడం లేదు. సందీప్ అతికించాడా అంటే, వాడు నా పక్కనే ఆడుతున్నాడు, పైగా వీడియోకు పాట అతికించమని నన్నే బతిమాలేవాడు. పాత గొంతు ఎక్కడినుంచో కలిసిందా అంటే, పాత ఫైళ్లన్నీ కూర్చుని విన్నాను. ఆ మాట ఎందులోనూ లేదు. నాకంటే బాగా తెలిసినవాళ్లకు చూపించాను. ఇద్దరు నవ్వారు. ఒకతను సెట్టింగ్ ఆఫ్ చేయడం మరిచి ఉంటావన్నాడు. నేనైనా వేరేవాళ్లకు అదే చెప్పేవాణ్ణి. మరవలేదు. ఫైలు దొరికిన నిమిషంలోనే చూశాను, ఆఫ్‌లోనే ఉంది.

నేను మక్తల్ నుంచి తిరిగి వచ్చే ముందు, రికార్డింగ్ మళ్లీ ఆన్ చేద్దామా అని సందీప్ అడిగాడు. వద్దన్నాడు మామ. "చెప్పేది చెప్పింది."

ఇప్పుడు మక్తల్ వెళ్లినప్పుడల్లా ఆ మెషీన్ వేసి ముందు సెట్టింగ్ చూస్తాను. ఆఫ్‌లోనే ఉంటుంది. తర్వాత, గదిలో ఎవరూ లేకుండా చూసుకుని, ఫోల్డర్ తెరుస్తాను.