ఎండుచేపల ఇల్లు

"నువ్వింక వంటింట్లోకి రావద్దమ్మా. ఇల్లంతా కంపు. రేపు మా ఆఫీసువాళ్లు డిన్నర్‌కి వస్తున్నారు," అంది నా కూతురు.

"ఏ కంపూ లేదు. నీ ముక్కు అమెరికాది అయిపోయింది, అంతే," అన్నాను నేను.

పొద్దున మేము అనుకున్న ఆఖరి మాటలవే. మా ఆయన పోయాక, అమెరికాలో నా కూతురి ఈ ప్లెయిన్స్‌బరో అపార్ట్‌మెంట్‌లో నాకు మిగిలింది ఆ పొయ్యి ఒక్కటే. నాకు రాయడం సరిగా రాదు. ఎమ్మెస్ చదువుతున్న మా చెల్లెలి మనవరాలు వచ్చింది గనక దానిచేత రాయిస్తున్నాను.

నా చిన్నప్పుడు మా నాన్న ఎండుచేపలు అమ్మేవాడు. బస్తాలు మేము పడుకునే గదిలోనే ఉండేవి. బడిలో పిల్లలు ముక్కు మూసుకుని దూరం జరిగేవారు. నాకేమో ఏ వాసనా తెలిసేది కాదు. కావాలని ఏడిపిస్తున్నారని ఒకదాని జుట్టు పట్టి ఈడ్చాను. ఇక బడికి పోనన్నాను.

మా మేనత్తది పెద్ద నోరు. నన్ను తన ఊరు లాక్కుపోయి, తోలు ఊడేలా సున్నిపిండితో రుద్ది, నాలుగు రోజులు ఉంచుకుంది. తిరిగి తెచ్చి మా గుమ్మంలో నిలబెట్టింది. గుప్పుమని కంపు కొడితే ముక్కు మూసుకున్నాను. లోపల ఏదో చచ్చిందనుకున్నాను. ఆవిడ పగలబడి నవ్వింది.

"మీ ఇల్లేనే! నువ్వు వెళ్లేనాటికీ ఇంతే."

తర్వాత బస్తాల పక్కన కూర్చోబెట్టి, అన్నం ఉడికేదాకా కదలనివ్వలేదు. ఆవిడ మళ్లీ అడిగేసరికి నాకు ఏ వాసనా తెలియలేదు. అది ఎక్కడికీ పోలేదనీ, రోజూ ఉండేదాన్ని చెప్పడం ముక్కు మానేస్తుందనీ, కొత్తది తగిలితేనే లేస్తుందనీ చెప్పింది. ఆ నవ్వుకి ఆవిణ్ణి ఈనాటికీ క్షమించలేదు. మాట మాత్రం వదల్లేదు. ఎవరైనా వాసనంటే బయట తిరిగొచ్చి చూసుకుంటాను.

ఇవాళ పొద్దున కోపంలో ఆ సంగతి మరిచాను. మధ్యాహ్నం చలిలో గంటసేపు కార్ల మధ్య తిరిగొచ్చాను. తలుపు తీయగానే కొట్టింది, నిన్నటి నా ఎండురొయ్యల పులుసు. దాని మీద నా కూతురు గోడ ప్లగ్గులో పెట్టిన గది సెంటు, తల పగిలేలా. ఆ సెంటులోనే బతుకుతుంది గనక దానికది తెలియదు.

కంపుందని ఒప్పుకుంటున్నాను, రాయి. క్షమించమని మాత్రం రాయకు. నా కూతుర్నీ ఓ గంట బయట తిరిగొచ్చి, తన ఇంటిని తన ముక్కుతో చూసి, అప్పుడు నన్ను పొయ్యి దగ్గర్నుంచి లేవమని చెప్పమను. ఏదీ, రాసింది చదువు. గట్టిగా చదవవే, అది పక్కగదిలోనే ఉంది.