పడవ దిగిన మొదటివాణ్ణి చూసొచ్చాం

శనివారం పొద్దున్న ఎనిమిది దాటాక ఎడిసన్ స్టేషన్‌లో రైలెక్కాం, నేనూ మా మనవరాలు అన్వీ. ఎనిమిదో తరగతి పిల్లకి బడిలో గ్రీకు వీరుల మీద ప్రాజెక్ట్ ఇచ్చారు. పేరున్న వీరులను మిగతా పిల్లలు పంచేసుకుంటే, ఎవరూ అడగని ప్రొటెసిలేయస్ దీనికి మిగిలాడు. అతని విగ్రహం న్యూయార్క్‌లో ఒక పెద్ద మ్యూజియంలో ఉందట. మా అమ్మాయి లత మరుసటి వారం ఆదివారం జరిగే గృహప్రవేశం హడావిడిలో ఉంది కాబట్టి నేను తోడు బయల్దేరాను.

నిజానికి ఇంట్లోంచి బయటపడితే చాలనిపించింది. కలశం పట్టుకుని కొత్తింట్లో మొదటి అడుగు నేనే పెట్టాలని లత పట్టు. "హాస్టల్లో వంటచేసి నన్ను చదివించింది నువ్వు. ఇంకెవరు పెడతారమ్మా?" అంటుంది. మా ఆయన పోయిన దగ్గర్నుంచి ఏ శుభకార్యంలోనూ నేను ముందు నడవలేదు. రేపు ఆ ఇంట్లో పిల్లకి జ్వరమొచ్చినా, అల్లుడి ఉద్యోగం ఊగినా, పైవాళ్ళు అనేలోపే నేనే అనుకుంటాను, ఇదంతా నా కాలి మహిమేనని. "మీరంతా వెళ్ళాక గరాజ్ తలుపులోంచి వచ్చేస్తాలే" అన్నాను. అప్పటినుంచి లత నాతో ముక్తసరిగా మాట్లాడుతోంది.

రైల్లో పెద్దవయసు వాళ్ళకి సగం ధరే, అడగడం మరిచిపోకండి. నాకు అక్షరాలు యాభై దాటాక వచ్చాయి. ఆ మోజు ఇంకా తీరలేదు కాబట్టి కిటికీ పక్కన కూర్చుని ప్రతి స్టేషన్ బోర్డూ చదువుకున్నాను. ఎలిజబెత్ స్టేషన్ దగ్గర అన్వీ కథ మొదలుపెట్టింది.

"సో, అమ్మమ్మా, గ్రీక్స్ థౌజండ్ షిప్స్‌లో ట్రాయ్ మీదకి యుద్ధానికి వెళ్ళారు. కానీ ఒక జోస్యం ఉంది. ఫస్ట్ ఎవరు ల్యాండ్ మీద కాలు పెడితే వాళ్ళు చచ్చిపోతారు. సో ఎవరూ దిగట్లేదు."

"మన భోజనాల దగ్గర లాగా. మీరు ముందంటే మీరు ముందని."

"ఎగ్జాక్ట్లీ. అప్పుడు ఒక స్మార్ట్ కింగ్ తన షీల్డ్ కింద పడేసి దాని మీదకి జంప్ చేశాడు. టెక్నికల్‌గా నేల తొక్కలేదు."

"మా మరిది లాంటివాడు."

"నువ్వు గరాజ్‌లోంచి వస్తానన్నావ్ కదా, అలాగే."

తల్లికి తగ్గ కూతురు. నేను మళ్ళీ బోర్డులు చదవడంలో పడ్డాను.

న్యూయార్క్‌లో దిగి, ఊరి ఉత్తరం వైపు పోయే సిటీ బస్సెక్కాం. అరగంట పైనే పట్టింది గానీ ఊరంతా చూసినట్టయింది. మ్యూజియం మెట్ల మీద అందరూ కూర్చుని తింటున్నారు. మేమూ పులిహోర డబ్బా విప్పాం. పక్కనున్న తెల్లావిడ వాసన చూసి, అదేంటని అడిగి, ఒక స్పూను తిని, ఇంకో స్పూను తింది.

లోపల ఎడమవైపు గ్రీకు హాలు. మన వీరుడు మనిషికంటే ఎత్తుగా ఉన్నాడు. తలమీద శిరస్త్రాణం తప్ప ఒంటిమీద పెద్దగా ఏమీ లేదు, అన్వీ కాసేపు గోడలు చూసింది. ఎత్తిన చేతిలో ఈటె ఎప్పుడో పోయింది. చంక కింద చిన్న గాయం. కాళ్ళ కింద దిమ్మ పడవ ముక్కులా వాలి ఉంది, దాని చుట్టూ అలలు. ఆ పడవను బట్టే ఇతను ప్రొటెసిలేయస్ అని అనుకున్నారట, కాదనేవాళ్ళూ ఉన్నారట. నేను మాత్రం అతనే అనుకుని చూశాను. మొహంలో వీరత్వం నాకు కనిపించలేదు. అడుగు ఎక్కడ వేయాలా అని చూసుకుంటున్నవాడిలా ఉన్నాడు.

"అయితే నిజంగా మొదట నేల తొక్కింది ఇతనేనన్నమాట. దిగాక ఏమైంది?"

"ఫైట్ చేసి చచ్చిపోయాడు. కానీ అతను దిగాక అందరూ దిగారు."

"పెళ్ళయిందా ఇతనికి?"

"న్యూలీ మ్యారీడ్. వైఫ్ బాగా ఏడ్చిందని దేవుళ్ళు అతన్ని కాసేపు వెనక్కి పంపారు. మళ్ళీ వెళ్ళిపోయాక ఆమె కూడా చచ్చిపోయింది."

నాకు ఆ తీరిక దొరకలేదు. మా ఆయన పోయేనాటికి లతకి ఎనిమిదేళ్ళు.

నాలుగింటి రైల్లో తిరుగు ప్రయాణం. పక్క సీట్లో గుంటూరు అమ్మాయి, పేరు పద్మ. మా మాటలు విని, ఇల్లు ఎక్కడ కొన్నారని మొదలుపెట్టి, మొత్తం రాబట్టింది.

"మా గృహప్రవేశంలో మా అత్తగారూ మీలాగే వెనకుండిపోయారు ఆంటీ. ఇప్పుడావిడ లేరు. ఆ రోజు ఫోటోలన్నీ వెతికినా ఎక్కడా కనిపించరు."

"మరి ముందెవరు నడిచారమ్మా?"

"ఇద్దరు ముత్తయిదువలు. నెల తిరక్కుండా బేస్‌మెంట్‌లోకి నీళ్ళొచ్చాయి. ఇప్పటికీ వస్తూనే ఉన్నాయి."

అన్వీ నవ్వాపుకోలేకపోయింది. నాకూ ఆగలేదు.

వెళ్ళాలనుకునేవాళ్ళకి నేను చెప్పేది ఒకటే. అక్కడ చూడాల్సినవి ఎన్నో ఉన్నాయి, అన్నీ చూడాలని పరుగెత్తకండి. ఒక్కరి ముందు కాసేపు నిలబడితే చాలు, ప్రయాణం గిట్టుబాటవుతుంది.

ఎడిసన్‌లో లత కారుతో వచ్చింది. అలక తీరలేదు, సీటు బెల్టు పెట్టుకోమని మాత్రం అంది.

"పంతులుగారికి ఫోన్ చెయ్యి. కలశం నేనే పట్టుకుంటాను" అన్నాను.

కారు కదల్లేదు. వెనకెవరో హారన్ కొట్టారు.

"మళ్ళీ గరాజ్ అనవు కదా?"

"అనను."

"కుడికాలు ముందు పెట్టాలమ్మా, గుర్తుందా?"

"తెలుసులేవే. ఇన్నేళ్ళూ వెనక నిలబడి చూసింది అదేగా."