ఫిలోమెన్ వెనక్కిచ్చిన గుడ్డ

ఫిలోమెన్ పెద్దత్త చేసింది తప్పేనని మా వాళ్ళు ఇప్పటికీ అంటారు. అన్నప్పుడల్లా నాకు ఒళ్ళు మండుతుంది.

ఆమె మా ఆయనకు పెద్దమ్మ. ఆమె భర్త పోయాక వంశం తరఫున మాట ఆమెదే. న్యూ కాలెడోనియా దీవికి దక్షిణాన మా ఊరికి ఎదురుగా ఉన్న చిన్న దీవి మా వంశానిది. దాని మీద కాలు పెట్టాలంటే ఎవరైనా సరే, గుడ్డ, పొగాకు ఆమె ముందు పెట్టి, తలవంచి, వచ్చిన పని చెప్పుకోవాలి. ఆమె గుడ్డ అందుకుందంటే ఆ మనిషి ఇక వంశానికి అతిథి. అతని మాటను అనుమానించకూడదు, అతని సంచి ముట్టకూడదు.

ఆ దీవిలో పెద్దబల్లులున్నాయి. మోచేతి పొడుగు, పాచి పట్టిన బెరడు రంగు. పగలంతా పొన్నచెట్టు తొర్రలో పడుకుంటాయి. ఏడాదికి పెట్టేది మహా అయితే రెండు గుడ్లు. ఇంకెక్కడా దొరకవని బయటి దేశాలవాళ్ళు దొంగచాటుగా వేలు పోసి కొంటారట. ఒక జంట ఒకే తొర్రలో ఏళ్ళ తరబడి కాపురం చేస్తుంది. మా వాళ్ళలో సగం మంది భయంతో వాటి పేరెత్తరు. పెద్దత్త మాత్రం పెండలం తవ్వడానికి వెళ్ళినప్పుడల్లా కత్తి వెనకతో మానును రెండు దెబ్బలు కొట్టేది. లోపలినుంచి కుక్కలా గుర్రుమని వినిపించేది.

"ముసలాడికి ఇంకా కోపం తగ్గలేదే," అని నాతో అనేది. పెద్దత్త కాపురానికొచ్చిన నాటినుంచీ ఆ మగబల్లి అక్కడే ఉందట.

ఆ తెల్లవాణ్ణి తీసుకొచ్చింది ఆమె మరిది ఎలీ. పక్షుల బొమ్మలు వేసుకుంటాడని చెప్పాడు. వచ్చినవాడు నీలిపూల గుడ్డ పరిచాడు, తల వంచాడు, ఎక్కడ ఆగాలో అక్కడ ఆగి మాట్లాడాడు. అంత చక్కగా ఎవరు నేర్పారో నాకు తెలుసు. పెద్దత్త గుడ్డ అందుకుంది. మా ఊళ్ళోనే అదేల్ అనే ఆవిడ తమ్ముడు పోతే, ఆ సాయంత్రమే దాన్ని ఆ చావింట్లో పెట్టి వచ్చింది. మాలో గుడ్డ ఒక ఇంట నిలవదు.

నాలుగోరోజు పొద్దున ఆమె దీవికెళ్ళి మానును కొట్టింది. చప్పుడు లేదు. మళ్ళీ కొట్టింది. తొర్ర అంచున గునపం గాట్లు కనిపించాయి. చెయ్యి పెట్టి చూస్తే ఖాళీ. పడవ వేసుకుని తిరిగొచ్చేసరికి వాడు రేవులో మధ్యాహ్నం స్టీమరు కోసం ఒళ్ళో సంచి పెట్టుకుని కూర్చున్నాడు. పక్కనే ఎలీ.

"వాడి సంచి తెరవాలి."

"గుడ్డ పుచ్చుకుంది నువ్వే కదా వదినా. ఇప్పుడు సంచి వెతికితే మన మొహాలెక్కడ పెట్టుకోవాలి?"

"నీ మొహం సంగతి తర్వాత చూద్దాం. మానుకు గాట్లున్నాయి."

"రెండు బల్లుల కోసం వంశం పరువు తీస్తావా?"

పోలీసులు పట్నంనుంచి రావాలి. స్టీమరు గంటలో పోతుంది. పెద్దత్త తిన్నగా చావింటికి నడిచింది. పెట్టిన గుడ్డ తిరిగి అడగడం మాలో ఎవరూ ఎరగరు.

"ఏడుస్తున్న ఇంటికొచ్చి గుడ్డ అడగడానికి నీకు సిగ్గు లేదూ?" అంది అదేల్.

"ఉంది. అయినా ఇవ్వు."

అదేల్ దాన్ని ఆమె మొహాన కొట్టింది. పెద్దత్త ఏరుకుని రేవుకు వచ్చింది. ఊరంతా చూస్తుండగా వాడి కాళ్ళ దగ్గర పరిచింది.

"నీ గుడ్డ నువ్వు తీసుకో. నా మాట నేను వెనక్కి తీసుకుంటున్నా."

సంచి తెరిచింది. రెండు ఉన్ని మేజోళ్ళు, మూతులు ముడేసి ఉన్నాయి. ఒకదాంట్లో ఆడబల్లి కదిలింది. రెండోదాంట్లో ముసలాడు కదల్లేదు.

"ఊపిరాడేలాగే కట్టానే," అన్నాడు వాడు.

ఆ మాటకు వాణ్ణి సముద్రంలోకి తోసెయ్యాలనిపించింది. ఎవరూ తొయ్యలేదు. వాడు దర్జాగా స్టీమరెక్కి పోయాడు. మర్నాడు పెద్దలు కూర్చుని నిలదీసింది పెద్దత్తను. వాడికి ఆ తొర్ర ఎవరు చూపించారని ఒక్కడూ అడగలేదు. అతిథికి, చావింటికి, రెండింటికీ మాట తప్పిందని ఆమె దగ్గరనుంచి మాట హక్కు తీసేసి ఎలీకి కట్టబెట్టారు. తలలు నెరిసి ఏం లాభం?

పోయిన నెల ఇంకొకడు వచ్చాడు. ఎలీ గుడ్డ పుచ్చుకున్నాడు, దీవి చూపించాడు. తిరిగొచ్చి వాడు రేవులో దిగగానే పెద్దత్త ఎదురెళ్ళి సంచి పట్టుకుంది.

"వదినా, ఆయన మన అతిథి," అన్నాడు ఎలీ.

"నీ అతిథి. గుడ్డ నువ్వు పుచ్చుకున్నావు. నన్ను మాట లేనిదాన్ని చేశారుగా, ఇక నాకు అతిథులెవరు?" అంటూ ఆమె జిప్పు లాగింది.