సరవాత్ కొండ అంచున చిట్టెమ్మ

అరబ్బు దేశంలో అబ్హా ఊరికి పైన, సరవాత్ కొండల అంచున ఉన్న ఆ ఇంట్లో చిట్టెమ్మ పనికి కుదిరి మూడేళ్లయింది. రాయచోటి పక్క పల్లె ఆమెది, ఎండ తప్ప చలి ఎరగదు. ఇక్కడ వేసవిలోనూ మబ్బు కిటికీలోంచి లోపలికి వచ్చేస్తుంది. జద్దాను చూసుకోవడమే ఆమె పని. జద్దా అంటే అవ్వ, యజమాని ముఫ్రిహ్ తల్లి. ఎనభై దాటాయి. మతిమరుపు ముదిరి కన్నకొడుకునే పోల్చుకోలేదు.

ఆ మధ్యాహ్నం చెత్త సంచి బయటపెట్టి వచ్చిన చిట్టెమ్మ తలుపు గడియ వేయడం మరిచింది. అన్నం దించి చూసేసరికి మంచం ఖాళీ. బయట పదడుగుల అవతల ఏమీ కనబడని మంచు.

ముఫ్రిహ్‌కు ఫోన్ చేసి "బాబా, జద్దా లేదు" అని మాత్రం అనగలిగింది. చెప్పులు కూడా వేసుకోకుండా పరుగెత్తింది. వంద గజాల్లో కొండ తెగిపోయి లోయ మొదలవుతుంది.

మంచులో ఎక్కడో కొండకోతులు అరుస్తున్నాయి. మనిషి దగ్గరికొస్తేనే అవి అలా అరుస్తాయని ఆ వైపు వెళ్లింది. జద్దా అంచున కూర్చుని, కాళ్లు లోయలోకి వేలాడేసి, రాతి కింద దేనికోసమో తడుముతోంది.

"అవ్వా, కదలాకు! ఆడే ఉండు!" కంగారులో తెలుగే వచ్చింది.

జద్దా వెనక్కి చూసింది. "హబ్ల్ ఏదీ? ఇంటికి దిగాలి" అని అరబ్బీలో విసుక్కుంది.

హబ్ల్ అంటే బట్టలారేసే తాడని చిట్టెమ్మకు తెలుసు. కింద జద్దా పుట్టిన ఊరికి ఒకప్పుడు తాళ్లు పట్టుకునే దిగేవాళ్లని ముఫ్రిహ్ చెప్పిందీ గుర్తొచ్చింది. మీదికి ఉరికితే ముసలామె బెదిరి జారుతుంది. తలకు చుట్టిన చున్నీ విప్పి, ఒక కొస మణికట్టుకు బిగించుకుని, రాతి మీద పాకుతూ రెండో కొస అందించింది.

"హబ్ల్ ఇదో జద్దా. గెట్టిగా పట్టుకో."

జద్దా పట్టుకుంది. ఆమె మడమ కింద ఒక రాయి ఊడి పడింది. ఎంతసేపటికీ చప్పుడు వినబడలేదు. చిట్టెమ్మ జానెడు జానెడు వెనక్కి జరిగింది. ముసలామె చేతికందగానే నడుము వాటేసుకుని వెనకున్న చెట్టు మొదట్లో కూలబడింది.

ముఫ్రిహ్ రొప్పుతూ వచ్చాడు. "తలుపెవరు తీశారు?"

"నేనే బాబా. గడియ మర్చిపోయినా" అంది వచ్చీరాని అరబ్బీలో. పని మాన్పించి ఊరికి పంపేస్తాడనే అనుకుంది.

అతను రక్తం ఓడుతున్న ఆమె పాదాలు చూశాడు. తన చెప్పులు విడిచి ఆమె ముందు పెట్టి, తల్లిని ఎత్తుకుని నడిచాడు.

మర్నాడు తలుపుకు పైన ఇంకో గడియ బిగించారు. చిట్టెమ్మను పంపేయలేదు. కానీ చాలా రోజులదాకా, పక్కగదిలో మంచం కిర్రుమంటే చాలు, చేతిలో పని వదిలేసి పరుగెత్తేది.