వాచీ పెట్టుకున్న దెయ్యం

పక్క క్వార్టరు మావయ్య పోయారని మొన్న ఆదివారం పొద్దున్నే కబురొచ్చింది. నిద్రలోనే పోయారట. ఏడుపైతే ఆగలేదు గానీ, ఆయన ఏ బాధా పడలేదని తెలిశాక మనసు కుదుటపడింది.

కలకత్తా దగ్గరి సంత్రాగాఛి రైల్వే క్వార్టర్లలో ఆయన్ని ఎరగనివాళ్ళు లేరు. యార్డులో ఉద్యోగం, సెలవు రోజున దెయ్యాల సినిమాల పిచ్చి. అద్దెకు వీసీఆర్ తెచ్చి మధ్యాహ్నం పూట వరండాలో పెట్టేవారు. సినిమా ఎంత చెత్తగా తీస్తే ఆయనకి అంత ముచ్చట. ఒకసారి ఎవరో బాగా తీసిన సినిమా తెస్తే జనం సగంలోనే లేచారు. "దాదా, ఆ పాత భూతాన్నే పెట్టండి" అని ఎదురింటి బెంగాలీ మాస్టారు బతిమాలుకున్నారు.

ఆ పాత భూతం తెల్లచీరలో వచ్చి హీరోయిన్ పీక పట్టుకుంటుంది. ఎడమ చేతికి మగవాళ్ళ వాచీ! ఇలాంటి తప్పు కనబడగానే "దొరికింది!" అని అరవాలి. అరిచినవాళ్ళకే మరమరాల గిన్నె ముందు. అది మా వరండా ఆచారం.

నాకప్పుడు పదకొండేళ్ళు. అమ్మ కాన్పులో పోయి రెండు నెలలు. అలా పోయినవాళ్ళు పిల్లల కోసం తిరిగొస్తారని కుళాయి దగ్గర ఆడవాళ్ళు అనుకుంటుంటే విన్నాను. సిగ్గు విడిచి చెబుతున్నాను, కన్నతల్లంటేనే నాకు భయం పట్టుకుంది. ఆమె ఫొటో ఉన్న గదిలోకి వెళ్ళేదాన్ని కాదు. అది కనిపెట్టి మావయ్య నన్ను టీవీ ముందు కూర్చోబెట్టుకున్నారు.

"ఏటే గుంటా, కళ్ళు మూసీసుకున్నావు? దాని సెయ్యి సూడు."

వేళ్ళ సందుల్లోంచి చూశాను. "దొరికింది!" అని అరిచాను. వరండా అంతా నవ్వింది. అప్పుడాయన నా చెవి దగ్గర, "మీ అమ్మ బతికుండగా నిన్నెప్పుడైనా బెదిరించిందేటి? మరిప్పుడెందుకు బెదిరిస్తాదే?" అన్నారు.

ఆ సాయంత్రం అమ్మ ఫొటో తుడిచి, దాని కిందే కూర్చుని మరమరాలు తిన్నాను. ఆ రోజు నాకు మా అమ్మ తిరిగి దక్కింది.

శవాలంటే బెదురు మాత్రం నాకు పూర్తిగా పోలేదు. మొన్న కూడా ఆయన గడప దగ్గరే ఆగిపోయాను. "రామ్మా, మీ మావయ్యే కదా" అని అత్తయ్య చెయ్యి పట్టుకుని తీసుకెళ్ళింది. తెల్లదుప్పటి కప్పి ఉంది. దగ్గరకు వంగితే టిక్ టిక్‌మని చప్పుడు. కంగారులో ఎవరూ తీయనేలేదు, దుప్పటి బయటికి వచ్చిన ఎడమ చేతికి వాచీ అలాగే ఉంది.

"దొరికింది, మావయ్యా" అన్నాను.