ఆమె పలకని పేరు

ముప్పై ఏళ్లుగా ఒక అబద్ధాన్ని మోస్తున్నాను. ఇక నా వల్ల కావడం లేదు. మీరెవరో నాకు తెలియదు, నేనెవరో మీకు తెలియదు. అదే నయం.

అప్పట్లో నేనొక పత్రికలో మా ప్రాంతపు చరిత్ర మీద వారం వారం రాసేవాణ్ని. రజాకార్ల కాలం చూసిన ముసలివాళ్ల కోసం ఇబ్రహీంపట్నం చుట్టుపక్కల ఊళ్లు తిరుగుతూ, చెరువులో చేపలు పట్టి బతికిన ఇంట్లో ఒక అవ్వ దగ్గర కూర్చున్నాను. పోలీసు చర్యకు కొద్ది వారాల ముందు, నిజాం మీద పోరాడుతున్న సంఘం వాళ్లకు అన్నం పెట్టారని రజాకార్లు ఊరి మీద పడ్డారు. ఆ పొద్దున ఆమె భర్త ఆడవాళ్లనీ పిల్లల్నీ తెప్ప మీద నాలుగు విడతలుగా చెరువు దాటించాడట. ఐదోసారి వెనక్కి వస్తుంటే కాల్చేశారట. ఆయన పేరు అడిగాను. అవ్వ కొంగు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వింది. ఆ తరం ఆడవాళ్లు మొగుడి పేరు పలకరు. ఊళ్లో ఎవరినైనా అడుగుదాంలే అనుకున్నాను.

అడగడానికి, అప్పట్లో ఊరి పెత్తనం చేసిన పటేల్ ఇంటికి వెళ్లాను. పటేల్ కొడుకు అన్నం పెట్టి, నిజాం కాలపు కాగితాలున్న పెట్టె చూపించాడు. అలాంటి పెట్టె కోసం నేను ఏళ్ల తరబడి వెతుకుతున్నాను. జనాన్ని చెరువు దాటించింది తన తండ్రేనన్నాడు. ఆ రోజుల్లో పటేల్ పట్నంలో తలదాచుకున్నాడని అవ్వ అప్పటికే చెప్పింది. తెలిసే పటేల్ పేరు రాశాను. తెప్ప నడిపినవాడు నా వ్యాసంలో 'ఒక పనివాడు' అయ్యాడు. ఎందుకు రాశాను? భయపడ్డానా? లేదు. పెట్టె మీద ఆశ. చరిత్ర కోసమే కదా అని నాకు నేను సర్దిచెప్పుకున్నాను. ఆ మాట తలచుకుంటే ఇప్పుడు నా మీద నాకే ఒళ్లు మండుతుంది.

వ్యాసం అచ్చయ్యాక పెట్టె తెచ్చుకోవడానికి పోతుంటే అవ్వ దారిలో ఎదురొచ్చింది. చేతిలో పేపరు.

“బిడ్డా, గీండ్ల మా ఇంటాయన పేరు ఏడున్నది? జర చూపెట్టు.”

“చాయ్ హోటల్ల ఎవరన్న సదివి చెప్పలేదా, అవ్వా?”

“సదువుతమన్నరు. నేనే వద్దన్న. రాసినోనివి, నువ్వు చూపెడ్తేనే మంచిగుంటదని ఆగిన.”

పటేల్ పేరు మీద వేలు పెట్టాను. “గిదే, అవ్వా.”

ఆమె ఆ అక్షరాలను తడిమింది. కళ్లకద్దుకుంది. “నోటితోనైతె ఎన్నడు అనలె. గిప్పుడు చేతుల వట్టుకున్న,” అంది.

తర్వాత ఆమెకు ఎవరైనా చదివి చెప్పారా? లేక ఆ పేరునే దాచుకుని పోయిందా? రెండింట్లో ఏది తక్కువ పాపమో ఎంత ఆలోచించినా తేలదు. ఆ కాగితాలతో రాసిన పుస్తకానికి నాకు శాలువాలు కప్పారు. నా వ్యాసం చూపించి ఊరి బడికి పటేల్ పేరు పెట్టుకున్నారు. నేను మళ్లీ ఆ ఊరు పోలేదు.

దిద్దుబాటు వేయొచ్చు కదా అంటారు. రాయడానికి ఎన్నోసార్లు కూర్చున్నాను. దానికి అసలు పేరు కావాలి. అవ్వ మనవలు శేరిగూడలో ఉన్నారని విన్నాను, బస్సెక్కితే గంట ప్రయాణం. కానీ వాళ్లను పేరు అడగాలంటే, ఎందుకు అడుగుతున్నానో ముందు చెప్పాలి. అంత ధైర్యం నాకు లేదు, ఈ వయసులో వస్తుందన్న నమ్మకమూ లేదు.

క్షమించమనడం లేదు. చెప్పుకున్నాను, కొంచెం ఊపిరాడుతోంది. ఆయన పేరేమిటో మాత్రం నాకు ఇప్పటికీ తెలియదు.