నాయకుడిగారి పాప

మా ఎదురింటావిడకు యాభై దాటాయి. తండ్రి పెద్ద నాయకుడు. ఆయన పోయి పన్నెండేళ్లయినా, వీధంతా ఆవిడను ఇప్పటికీ "నాయకుడిగారి పాప" అనే అంటుంది. చిన్నప్పుడు తండ్రి ఆవిడకు దగ్గరగా దొరికింది ఫొటోలు తీసే రోజుల్లోనేనట. ఆయన కుర్చీలో కూర్చునేవారు. పాప పక్కన నిలబడి, కుర్చీ వీపు మీద చెయ్యి వేసి, తల కాస్త వంచి నవ్వాలి. ఫొటోగ్రాఫరు "చాలమ్మా" అన్నాడంటే ఆయన లేచి, జనంలో కలిసిపోయేవారు. మళ్లీ ఎన్నాళ్లకో కనిపించేవారు. అందుకే ఆ మాటంటే పాపకు హడలు.

మొన్న పది దాటినా వాళ్ల గేటుకు పాలప్యాకెట్టు వేలాడుతూనే ఉంది. ఊరుకునే ప్రాణమా నాది? తలుపు తోసి గుమ్మంలో నిలబడ్డాను. ముందుగదిలో ఆవిడ ఖాళీ కుర్చీ పక్కన నిలబడి నవ్వుతోంది. చెయ్యి కుర్చీ వీపు మీదే ఉంది. రెప్ప వేయడం లేదు. కాళ్లు మాత్రం వణుకుతున్నాయి.

"ఏమ్మా పాపా, ఎంతసేపట్నుంచి ఇలా? పడిపోతావే తల్లీ! ఇంక చాలమ్మా," అన్నాను.

"అయ్యో పిన్నిగారూ, ఎంత మాటన్నారు!"

కుర్చీలో నొక్కుకుపోయి ఉన్న మెత్త, ఎవరో లేచినట్టు, మెల్లగా పొంగింది. ఆవిడ నవ్వు ఆరిపోయింది. చూపు మాత్రం కుర్చీ దగ్గర్నుంచి గుమ్మం దాకా నెమ్మదిగా నడిచొచ్చింది.

నేను పైట సర్దుకుని, పక్కకు తప్పుకుని దారిచ్చాను.